మడుగు దగ్గర మూడు చప్పట్లు

మాధవరంలో శ్రీపాదరావు ఇల్లెక్కడ అని అడిగితే ఎవరైనా ఒక్క క్షణం ఆలోచిస్తారు. చేపల అయ్యవారు అంటే మాత్రం చిన్నపిల్లలు కూడా చెయ్యెత్తి తుంగభద్ర వైపు చూపిస్తారు. ఆదోనిలో ముప్పై రెండేళ్లు తెలుగు పాఠాలు చెప్పి, రిటైరై, భార్య ఇందిరాబాయితో సొంతూరు చేరిన మనిషాయన. ఛందస్సు చెబితే పిల్లలు కునుకు తీసేవారు. సంధులు చెబితే కిటికీలోంచి బస్సులు లెక్కపెట్టేవారు. ఇంట్లో ఏదైనా పద్యం ఎత్తుకుంటే ఇందిరాబాయి సగం విని, పొయ్యి మీద పాలు గుర్తొచ్చి లోపలికి వెళ్లిపోయేది. బతుకంతా మాట్లాడినా వినేవాళ్లు కరువైన ఆ మనిషికి చివరికి దొరికినవి చేపలు.

ఊరికి ఉత్తరాన, రాతిగుండ్ల మధ్య ఒక మడుగు ఉంది. నదిలో ఇసుక తేలినా ఆ మడుగులో మాత్రం నీళ్లుంటాయి. అందులో ఎవరూ వల వెయ్యరు. శ్రీపాదరావు ఇంటివాళ్లకు తాతల నాటి నుంచి అక్కడొక సేవ ఉంది. పొద్దున్నే స్నానం చేసి, మడి కట్టుకుని, మడుగు గట్టున నిలబడి మూడు చప్పట్లు కొట్టి, పిడికెడు బొరుగులు చల్లాలి. అంతే, అంతకు మించి మంత్రం లేదు, తంత్రం లేదు. చప్పట్లకు చేపలు పైకొచ్చేవి. ముందు చిన్నవి, తర్వాత బొచ్చె చేపలు, అందరూ వచ్చి కూర్చున్నాక పెళ్లికి వచ్చే పెద్దమనిషిలా చివర్న ఒక ముసలి బొచ్చె. దాని ఎడమ మొప్ప మీద తెల్లమచ్చ. శ్రీపాదరావు దాన్ని ‘పెద్దాయన’ అనేవాడు. రాత్రి చదివిన పద్యాన్ని పొద్దున దానికి అప్పజెప్పేవాడు. అది తోకాడిస్తూ అక్కడే ఉండేది. అలా ఉన్న శిష్యుడు ఆయనకు ఆదోనిలో ఒక్కడూ దొరకలేదు.

చేపల తర్వాత ఆయనకున్న రెండో పిచ్చి మాటలు. తాతగారు రాసిపెట్టిన చేతిరాత పుస్తకంలో వాడుకలోంచి పోయిన మాటలు నాలుగువందల దాకా ఉన్నాయి. వాటిలో ఆయనకు ప్రాణమైన మాట ‘ఝషారాధన’. ఝషమంటే చేప. చేపను కొలవడమే ఝషారాధన. అక్కడితో ఆగి ఉంటే తాతగారు తాతగారే కారు. ఆ మాట కింద చిన్న అక్షరాల్లో దాని ఛాయలన్నీ రాశారు. వేదాలను గట్టెక్కించిన దేవుడే చేప అని నమ్మి మొక్కడం ఒకటి. నీళ్లలోని ప్రాణికి అన్నం పెట్టి, ఆ పుణ్యం దేవుడికే చేరిందనుకోవడం ఇంకొకటి. కూర మీద కన్నుంచి చేపను పొగిడేవాణ్ని ఎగతాళి చెయ్యడం మూడోది. అన్నిటికీ అడుగున, సిరాతో కాకుండా పెన్సిలుతో ఇంకో పంక్తి ఉంది: ‘బెస్తల వాడుకలో, నీరు తగ్గినప్పుడు మడుగు జోలికి పోకుండుట.’

ఈ చివరి పంక్తి దగ్గర శ్రీపాదరావు ఎప్పుడూ ముఖం చిట్లించేవాడు. దగ్గరికి పోకపోతే అది ఆరాధన ఎలా అవుతుంది? ఎవరో తాతగారి చెవిలో వేస్తే ఆయన మొహమాటానికి రాసుకున్నారని తేల్చేశాడు. ఎవరికైనా ఆ పుట చదివి వినిపించేటప్పుడు మూడు అర్థాలు చదివి పుస్తకం మూసేసేవాడు.

ఆ ఏడు ఎండలు ముందే వచ్చాయి. పైనుంచి నీళ్లు రాలేదు. ఏప్రిల్ చివరికి నది ఈ గట్టు నుంచి ఆ గట్టు దాకా ఇసుక పరుచుకుని పడుకుంది. మడుగు రోజుకింత చొప్పున గుండ్లను బయటపెడుతూ వచ్చి, మే నెల వచ్చేసరికి నాలుగు ఎడ్లబండ్లు పట్టేంతైంది. అరవై చేపలు ఆ కాస్త నీళ్లలో ఒకదాన్నొకటి రాసుకుంటూ తిరిగేవి. ఒకరోజు శ్రీపాదరావు గట్టు దిగేసరికి, చప్పట్లు కొట్టకముందే చేపలన్నీ పైన తేలి నోళ్లు తెరుచుకుని ఉన్నాయి.

“ఆకలితో అల్లాడుతున్నాయి,” అన్నాడు ఇంటికొచ్చి. ఆ పూట అన్నం ముట్టలేదు.

మర్నాటి నుంచి పిడికెడు కాస్తా దోసెడైంది. తర్వాత చేటెడైంది. చేపల నోళ్లు మాత్రం మూతపడలేదు. నిద్రలో కూడా ఆయనకు ఆ నోళ్లే కనిపించేవి.

ఆదోనిలో పత్తి వ్యాపారం చేసే ధనుంజయ ఒకప్పుడు ఆయన దగ్గర చదువుకున్నవాడు. మంత్రాలయం దర్శనానికి వచ్చి, పాత అయ్యవారిని చూద్దామని మాధవరం వచ్చాడు. చేపల్ని చూశాడు. నోరు తెరిచి పైకొచ్చిన ఆ చేపల్ని చూసి అతనికి ఒళ్లు గగుర్పొడిచింది. ఫోన్లో వీడియో తీసుకున్నాడు. శ్రీపాదరావు ఆపుకోలేక ‘ఝషారాధన’ గురించి చెప్పాడు. ధనుంజయ ఆ మాట పలకడానికి రెండుసార్లు తడబడి, మూడోసారి పట్టేశాడు.

“అయ్యవారూ, వైశాఖ పున్నమికి ఈడ ఝషారాధన చేద్దామా? ఆదోని, ఎమ్మిగనూరు రెండూళ్ల నుంచి జనాన్ని పిల్చుకొస్తా. చేపలకు కడుపునిండా పెడదాం, వానకు మొక్కుకుందాం.”

వారం తిరక్కుండా ఆదోని బస్టాండు ముందు ఫ్లెక్సీ లేచింది. నిలువెత్తు అక్షరాల్లో ‘ఝషారాధన మహోత్సవం’. శ్రీపాదరావు పనిగట్టుకుని బస్సెక్కి వెళ్లి చూసొచ్చాడు. ఎదురుగా టీ బంకు దగ్గర అరగంట నిలబడ్డాడు. తన జీవితంలో మొదటిసారి తను చెప్పిన మాటను జనం ఆగి చదువుతున్నారు. ఆ సంతోషం ఆయన్ను మూడు రోజులు గుడ్డివాణ్ని చేసిందని చెప్పక తప్పదు.

పున్నమికి ముందురోజు బెస్త తిక్కయ్య ఇంటికి వచ్చాడు. శ్రీపాదరావు కంటే పదేళ్లు చిన్న. నది పారినన్నాళ్లూ పుట్టి పడవ వేసుకుని కిందికి పోయి చేపలు పట్టుకునేవాడు. వాకిట్లో చెప్పులు విడిచి, అరుగు కింద నిలబడ్డాడు.

“సామీ, రేపటి పూజ నిలిపేయండి.”

“ఎందుకప్పా?”

“సేపలు ఆకలికి పైకి రాలా. నీళ్లలో గాలి సాలక నోరు తెరుస్తాండాయి. ఇప్పుడు తిండి యేస్తే తినవు. అది అడుగున కుళ్లి ఉన్న గాలి కూడా తాగేస్తాది. నీళ్లు సన్నబడితే మా నాయనకు నాయన, జేజినాయన, ఆ గుండ్ల కాడికే పోనిచ్చేటోడు కాదు. అదే మా మొక్కు.”

శ్రీపాదరావు కళ్ల ముందు పెన్సిలు పంక్తి ఒకసారి మెరిసింది. దాని వెనకే ఫ్లెక్సీ కనిపించింది, రెండూళ్ల జనం కనిపించారు.

“పదేళ్లుగా రోజూ వాటిని చూస్తున్నవాణ్ని నేను. నువ్వు వాటిని చంపి అమ్ముకునేవాడివి. వాటి ఆకలి సంగతి నీకేం తెలుస్తుంది?”

తిక్కయ్య చెప్పులు వేసుకుని వెళ్లిపోయాడు. లోపల్నుంచి విన్న ఇందిరాబాయి, కోపమొస్తే పుట్టింటి కన్నడంలోకి పోయే మనిషి, “ఏన్రీ” అని గట్టిగా పిలిచి, తర్వాత తెలుగులోనే అంది. “ఆ మాట అనాల్సింది కాదు మీరు.” ఆయన వినిపించుకోలేదు.

పున్నమి పొద్దున ఎనిమిదికల్లా ఇసుక మీద కార్లు, ఆటోలు వరస కట్టాయి. బొరుగుల మూటలు, బ్రెడ్డు పొట్లాలు, చక్కెర పొంగలి గంగాళాలు దిగాయి. ఆడవాళ్లు నీళ్లలో పసుపు, కుంకుమ కలిపారు. బిందెలతో పాలు పోశారు. ఆకుదొన్నెల్లో నూనె దీపాలు వదిలితే, సగం దొన్నెలు తిరగబడి నూనె నీటి మీద పరుచుకుంది. చేపలు నోళ్లు తెరిచి పైకి పైకి వచ్చాయి. జనం కన్నీళ్లు పెట్టుకుని గోవింద కొట్టారు. శ్రీపాదరావు మైకు పట్టుకుని ఝషారాధనకు ఒకటో అర్థం చెప్పాడు, రెండోది చెప్పాడు, మూడోది చెప్పి నవ్వించాడు. తర్వాత కళ్లజోడు సర్దుకుని పుస్తకం మూశాడు.

మర్నాడు పొద్దున గట్టుకు రెండువందల అడుగుల దూరంలోనే వాసన తగిలింది.

పసుపు తెట్టు మీద ఇరవై దాకా చేపలు తెల్లటి పొట్టలు పైకి పెట్టి తేలుతున్నాయి. మిగిలినవి ఒక మూల గుండును ఆనుకుని నోళ్లాడిస్తున్నాయి. వాటి మధ్య పెద్దాయన ఒక పక్కకు ఒరిగి, మళ్లీ నిలదొక్కుకుని, మళ్లీ ఒరుగుతోంది. శ్రీపాదరావు నీళ్లలోకి దిగి చేతులతో తెట్టును తోశాడు. తోసిన తెట్టు మళ్లీ వచ్చి మోకాళ్లకు అంటుకుంది. చొక్కా లేని ఒంటితో, తడి పంచెతో, కాళ్లకు చెప్పులు లేకుండా ఆయన ఊళ్లోకి పరిగెత్తాడు. డెబ్బైకి దగ్గర పడిన మనిషి బెస్తగేరి వీధిలో అలా పరిగెత్తడం చూసి ఆడవాళ్లు బిందెలు దించేశారు.

తిక్కయ్య వాకిట్లో వల బాగుచేసుకుంటున్నాడు.

“తిక్కయ్యా, చచ్చిపోతున్నాయి,” అన్నాడు శ్రీపాదరావు. గడప దగ్గరే కూలబడ్డాడు. “నేనే చంపినాను. నిన్ను అనకూడని మాట అన్నాను. నన్నేమన్నా అను, కొట్టు. వాటిని మాత్రం బతికించప్పా.”

తిక్కయ్య తిట్టలేదు. ఎన్ని బతికున్నాయని అడిగాడు. బామ్మర్దికి ఫోన్ చేసి ట్రాక్టర్ తెమ్మన్నాడు. ట్రాలీలో టార్పాలిన్ పరిచి బోరు నీళ్లు నింపించాడు. నదికి దిగువన, ఎత్తిపోతల పంపుల దగ్గర తవ్విన లోతు గుంటలో నీళ్లున్నాయి. అక్కడికి చేరిస్తే బతకొచ్చు. చేరాలంటే ముందు పట్టాలి. ఏ వలా పడని ఆ మడుగులో వల వెయ్యాలి.

మడుగు దగ్గర తిక్కయ్య వల భుజాన వేసుకుని నిలబడిపోయాడు.

“సామీ, నేను దిగితే బెదిరి అడుక్కు పోతాయి. అడుగున బురద, ఆడ అసలు గాలి లేదు. ఆడే సస్తాయి. మీరు సప్పట్లు కొట్టండి. మీ సేతికైతే వస్తాయి.”

“నన్ను నమ్మి వస్తాయి కదప్పా,” అన్నాడు శ్రీపాదరావు.

“అందుకే కొట్టమంటాండా.”

ఆయన రెండు చేతులూ పైకెత్తాడు. ఒకటి, రెండు, మూడు. మొదట ఏమీ కదల్లేదు. తర్వాత గుండు పక్కనుంచి ఒక చేప వచ్చింది, దాని వెనక ఇంకో రెండు. బొరుగులు పడే చోటికే, రోజూ వచ్చే చోటికే వచ్చాయి. తిక్కయ్య వల వాటి కిందికి మెత్తగా జారింది. మళ్లీ చప్పట్లు. మళ్లీ వల. ప్రతిసారీ శ్రీపాదరావు కళ్లు మూసుకునే చప్పట్లు కొట్టాడు. మడి సంగతి ఆయనకు గుర్తులేదు. చేపల్ని ఒడిలో పెట్టుకుని ట్రాలీ దగ్గరికి మోశాడు. సంగతి తెలిసి వచ్చిన ఇందిరాబాయి కొంగు దోపుకుని, ట్రాలీలోని నీళ్లకు గాలి తగిలేలా చెంబుతో ఎత్తి ఎత్తి పోసింది.

అన్నీ వచ్చాక, అలవాటు తప్పకుండా చివర్న పెద్దాయన వచ్చింది. ఒక పక్కకు ఒరిగి, సగం ఈదుతూ, సగం తేలుతూ వచ్చింది. శ్రీపాదరావు దాన్ని వలకు అందనివ్వలేదు. రెండు చేతులతో తనే ఎత్తుకున్నాడు.

ట్రాలీలో నీళ్ల మధ్య కూర్చుని దాని పొట్ట కింద అరచేతులు పెట్టి పట్టుకున్నాడు. ఇసుకలో ట్రాక్టర్ ఊగినప్పుడల్లా, “అయిపోయింది, వచ్చేసినాం,” అంటూనే ఉన్నాడు. గుంట ఇంకా అర మైలుందనగా చేతుల్లో మొప్పల కదలిక ఆగింది. ఆయన ఆ సంగతి ఎవరికీ చెప్పలేదు. గుంట దగ్గర ట్రాక్టర్ ఆగి, మిగిలినవాటిని నీళ్లలోకి వదిలేదాకా దాన్ని అలాగే పట్టుకుని కూర్చున్నాడు.

దారిలో ఇంకో ఇరవై పోయాయి. పంతొమ్మిది బతికాయి.

సాయంత్రం ధనుంజయ ఫోన్ చేశాడు. పూజ వీడియోను చాలామంది చూశారని, చేపలు నోరు తెరిచి ప్రసాదం అందుకోవడం చూసి జనం పరవశించిపోతున్నారని, వచ్చే ఏడు ఇంకా పెద్దగా చేద్దామని చెప్పుకొచ్చాడు.

“అవి ప్రసాదం అందుకోలేదప్పా,” అన్నాడు శ్రీపాదరావు. “ఊపిరాడక నోరు తెరిచినాయి. మనం పెట్టిన తిండికి నలభై చచ్చిపోయినాయి. అది కూడా వీడియోలో చెప్పు.”

శ్రీపాదరావు ఫోన్ పెట్టేశాడు.

మర్నాడు తెల్లారగానే ఆయన స్నానం చేసి, కొత్త గుంట దాకా నడిచి వెళ్లాడు. చేతిలో బొరుగులు లేవు. అక్కడ తిక్కయ్య ముందే వచ్చి, గట్టుకు దూరంగా ఇసుకలో కూర్చుని ఉన్నాడు.

“ఈడ సప్పట్లు కొట్టొద్దండి సామీ. దగ్గరికీ పోవద్దు. నీళ్లొచ్చేదాకా వాటి మానాన వాటిని వదిలేద్దాం.”

“మా తాత రాసిపెట్టినాడప్పా ఆ మాట,” అన్నాడు శ్రీపాదరావు. “మీ జేజినాయన చెప్తే రాసుకున్నట్టుంది. నేనే ఎవరికీ చదివి వినిపించలేదు.”

అతని పక్కనే ఇసుకలో కూర్చున్నాడు. కాసేపటికి, రోజూ సేవ చేసే వేళకు, చేతులు వాటంతటవే లేచాయి. ఆయన వాటిని తొడల కింద పెట్టుకుని, వాటి మీద కూర్చున్నాడు. గుంటలో నీళ్లు కదల్లేదు. ఒక్క చేప కూడా పైకి రాలేదు. పైకి రాకపోతేనే అవి బాగున్నట్టని ఇప్పుడు ఆయనకు తెలుసు. అయినా ఎండ ఎక్కేదాకా అటే చూస్తూ ఏడ్చాడు. తిక్కయ్య లేచి వెళ్లకుండా పక్కనే కూర్చున్నాడు.