మిషనుకి మాత్రమే చెప్పిన పేరు

మూడు ఆదివారాలు, ఆరు బస్సు ప్రయాణాలు, ముప్పై మూడు సెకన్ల శబ్దం, మా అమ్మాయి గ్రేస్ ఓపిక మొత్తం. ఒక్క పేరు కోసం మాకు పోయినవి ఇవి. దయ్యాల లెక్క ఎన్నిసార్లు వేసినా నాకు సున్నాయే వచ్చేది. నేను రావులపాలెం మార్కెట్లో అరటి గెలలు లెక్కపెట్టే గుమాస్తాను. తేడా వస్తే మళ్లీ లెక్కపెడతాను గానీ తాయెత్తు కట్టించుకోను.

గ్రేస్ మా కుటుంబం మీద డాక్యుమెంటరీ తీస్తోంది. మా నాయనమ్మకు ఏడుగురు పిల్లలు. చర్చి రిజిస్టర్లో మాత్రం ఆరుగురే. మొదటివాడు బాప్తిస్మం కాకుండానే తొమ్మిదో రోజున పోయాడు. అందుకే రిజిస్టర్‌కెక్కలేదు. సమాధుల గోడకు అవతల పాతిపెట్టారు.

వాడికి ఇంట్లో పెట్టుకున్న పేరు మా మేనత్తకు ఒక్కదానికే తెలుసు. ఎనభై ఆరేళ్లు, నిడదవోలు దగ్గర ఉండేది. సమాధుల పండుగకు చర్చిలో చనిపోయినవాళ్ల పేర్లు చదువుతారు. తాను పోయేలోగా వాడి పేరు కూడా చదివించాలని ఆమె పట్టుదల. పాస్టరు గారు ఒప్పుకున్నారు.

"చెప్పండత్తయ్యా, రాసుకుంటాను," అన్నాను.

"ఏ మనిషికీ చెప్పనని అమ్మకి ఒట్టేశానురా. మీరు బయటికెళ్లండి. మిషను మనిషి కాదు కదా, దానికి చెప్తాను. తర్వాత అది మీతో చెప్పుకుంటే నాకేంటి?"

కెమెరా ఆన్ చేసి అరుగు మీద కూర్చున్నాం. కాసేపటికి, "అయిపోయింది, రండి," అని పిలిచింది.

వేసి చూస్తే, "మా పెద్దన్నయ్య పేరు" అన్న తర్వాత పదకొండు సెకన్లు శబ్దం లేదు. ఆమె గొంతు ఒక్కటే కాదు, ఫ్యాను చప్పుడు, కాకుల గోల కూడా లేవు. బొమ్మలో ఫ్యాను తిరుగుతూనే ఉంది. పళ్లు లేవని కొంగు నోటికి అడ్డం పెట్టుకునే అలవాటు ఆమెది. పెదవులూ కనబడలేదు.

తర్వాతి ఆదివారం మైకు మార్చాం, కార్డు మార్చాం. మళ్లీ పదకొండు సెకన్లే. రాజమండ్రిలో రిపేరు షాపతను మొదటి మైకు పరీక్షించి, "ఇది బానే ఉందండి. ఓసారి మీ చెవులు చూపించుకోండి," అన్నాడు. మూడో ఆదివారం నా ఫోన్లో తీశాం. స్టాప్‌వాచీ పెట్టి మూడుసార్లు కొలిచాను. పదకొండే.

"ఇంకొక్కసారి మామ్మా," అంది గ్రేస్.

"మూడుసార్లు చెప్పానే. మీ మిషన్లకి చెవుడైతే నన్నేం చెయ్యమంటావు?"

"పోనీ చీటీ మీద రాసివ్వండి," అన్నాను, విసుగు ఆపుకోలేక.

"నాకు సంతకమే రాదు. పేరేం రాస్తానురా?"

సమాధుల పండుగకు పదమూడు రోజుల ముందు అత్తయ్య పోయింది. పండుగ రోజున పాస్టరు గారు నాయనమ్మ పిల్లల పేర్లు వరసగా చదివారు. ఆఖరిది అత్తయ్యది. తర్వాత ఆగి నావైపు చూశారు. నేను తల అడ్డంగా ఊపాను.

మైకు లోపమైతే ఫోనుకెందుకు వచ్చింది? ఫోను లోపమైతే ముందున్న మాటలెలా వినబడ్డాయి? ఎన్ని విధాల వేసినా ఈ లెక్క తేలలేదు. నాయనమ్మ పిల్లలు ఏడుగురు. చర్చిలో చదివినవి ఆరు పేర్లు. ఇంకా ఒకటి బాకీ.