చుక్కల మిషన్

ఇప్పటి పిల్లలకు చెబితే నవ్వుతారు గానీ, నేను ఎనిమిదో తరగతి చదివే రోజుల్లో మా ఇంట్లో రెండు టైములు నడిచేవి. ధర్మపురి దగ్గర మా ఊళ్లో సగం ఇళ్ల మగవాళ్లు గల్ఫులోనే ఉండేవాళ్లు కాబట్టి అదేమంత వింత కాదు. ముందు గదిలో ఉన్న గడియారం అందరిదీ. వంటింటి తలుపు మీది ఆకుపచ్చ గడియారం మాత్రం బాపు, అంటే మా నాన్న, దుబాయి నుంచి తెచ్చింది. అది అక్కడి టైమే చూపాలి, అంటే మనకంటే గంటన్నర వెనక. అవ్వ (మా దగ్గర అమ్మను అవ్వ అంటాం) పొద్దున పొయ్యి ముందు కూర్చుని దాన్ని చూసి "గిప్పుడు లేస్తుండు మీ బాపు" అనేది. పగటిపూట చూసి "ఇంక బువ్వ తినలే" అనేది. (మా బాపమ్మ, అంటే బాపు తల్లి, "దీని మొగడు దుబాయిల లేడు, గోడకు ఏలాడుతుండు" అని వెక్కిరించేది గానీ, దాని వైపు మొదట తలెత్తి చూసేది ఆమెనే.)

ఆ ఏడు దసరాకు బాపు వస్తానన్నాడు. మా దగ్గర దసరా సాయంత్రం జమ్మి ఆకును బంగారం అంటూ పెద్దల చేతిలో పెట్టి కాళ్లు మొక్కుతాం. నాకు తెలివి వచ్చినప్పటి నుంచి బాపు చేతిలో బంగారం పెట్టిన దసరా ఒక్కటీ లేదు. ఈసారి పెడతానని బడిలో అందరికీ చాటింపు వేసి పెట్టాను. తీరా పండుగ దగ్గర పడ్డాక ఫోనులో బాపు గొంతు సన్నబడింది. "సేటు ఛుట్టీ ఇస్తలేడు బిడ్డా. పండుగెల్లినంక అస్త" అన్నాడు. నాకు పట్టరాని కోపం వచ్చింది. బాపు మీద కాదు, సేటు మీద కూడా కాదు, టైము మీద.

సరిగ్గా ఆ వారమే మా సైన్సు సారు, మనకు కనిపించే చుక్కల వెలుతురు ఎన్నో ఏళ్ల కింద బయలుదేరి ఇప్పుడు చేరుతుందని పాఠం చెప్పాడు. క్లాసంతా ఆవులించింది. నా బుర్ర మాత్రం గిర్రున తిరిగింది. అన్నేళ్లు నడిచొచ్చిన వెలుతురులో అన్నేళ్ల బలం ఉంటుంది కదా, దాన్ని పట్టి గడియారంలోకి పంపిస్తే టైము వంగదా, పండుగ తర్వాతి ఛుట్టీ వంగి వచ్చి పండుగకు ఆనదా అనుకున్నాను. సారును అడిగితే "ముందుగాల లెక్కలల్ల పాస్ గా" అన్నాడు. (అయ్యాను. అత్తెసరు మార్కులతో.)

ఇక మిషన్ పని మొదలైంది. పొరుగింటివాళ్లు పారేసిన డిష్షు గొడుగును స్లాబు మీదికి మోశాను. బాపు పంపిన చాక్లెట్ల మెరుపు కాగితాలను మైదాపిండి ఉడికించి దానికి అతికించాను. వెలుతురంతా వచ్చి ఒకచోట పడాలి కాబట్టి నడుమ ఒక ఇత్తడి మూత బిగించి, దానికి ఒక తీగ కట్టి, కిటికీలోంచి తెచ్చి ఆకుపచ్చ గడియారం వెనక చుట్టాను. బాపమ్మ మెట్ల కింద నుంచే ఆరా తీసింది.

"ఏందే అది?"

"చుక్కల మిషన్. టైముని వంగవెడ్తది."

"నా వక్కల డబ్బ మూత ఏమాయె?"

"దాంట్లనే ఉన్నది."

"అయితే జల్దిన వంగవెట్టు. నా వక్కలు ఎండుతున్నయి."

పండుగకు ఒక రోజు ముందు, పొద్దుగూకి మొదటి చుక్క పొడవగానే గొడుగును దాని వైపు తిప్పి దండం పెట్టుకున్నాను. ఆ సాయంత్రమే మా మేనమామ చెన్నూరు నుంచి దిగాడు. ఎవరింటికి పోయినా వంకర ఉన్నదాన్ని సరిచేయనిదే మంచినీళ్లు ముట్టని మనిషి. మా ఇంటికి రావడం బాపు ఆ గడియారం తెచ్చాక అదే మొదటిసారి.

పొద్దున లేచి చూద్దును కదా, ఆకుపచ్చ గడియారం, ముందు గది గడియారం ఒకటే టైము చూపిస్తున్నాయి. బాపు టైమొచ్చి మన టైములో కలిసిందంటే బాపు వచ్చినట్టే. "బాపు అచ్చిండు" అని కేకలు పెడుతూ రోడ్డు మీదికి ఉరికాను. గల్ఫు మనుషులకు చెప్పాపెట్టకుండా దిగే అలవాటు ఉంది, తాళ్లు కట్టిన అట్టపెట్టెలతో జగిత్యాల నుంచి ఆటోలో వచ్చేస్తారు. అందుకని ఎవరూ అనుమానపడలేదు. వాడకట్టంతా కదిలింది. గారెల పిండి అంటిన చేతులతోనే అవ్వ పరుగెత్తుకొచ్చింది, మోచేత్తో జుట్టు వెనక్కి నెట్టుకుంటూ, కొంగు సర్దుకుంటూ.

"ఏడీ?" అంది.

"వస్తుండచ్చు. గడియారాలు కలిసినయి" అన్నాను.

వెనక నుంచి మేనమామ వేపపుల్ల నములుతూ వచ్చాడు. "గా పచ్చదా? అది గంటన్నర ఎనుక వడ్డదక్కా. రాత్రి నేనే సరిచేసిన. ఇన్ని దినాలు ఇంట్ల ఒక్కలన్న సూడలేదా?" అన్నాడు, మెచ్చుకుంటారేమోనని అందరి మొహాలూ చూస్తూ.

బాపమ్మ పొట్ట పట్టుకుని నవ్వింది. వాడకట్టు ఆడవాళ్లు నవ్వారు. అవ్వ కూడా నవ్వింది. నవ్వుతూనే, ఆటో ఏదీ లేని రోడ్డు వైపు ఇంకోసారి చూసింది. అప్పటిదాకా సిగ్గుతో నిలబడ్డ నాకు ఆ చూపు చూశాక ఏడుపు ఆగలేదు. అవ్వ ఇంట్లోకి పోయి, పీట వేసుకుని ఎక్కి, గడియారాన్ని మళ్లీ గంటన్నర వెనక్కి తిప్పింది.

ఆ సాయంత్రం బాపు ఫోను చేస్తే బాపమ్మ ఉన్నదానికి లేనిది కలిపి చెప్పింది. బాపు చాలాసేపు నవ్వాడు. తర్వాత ఫోను నాకివ్వమన్నాడు. "బిడ్డా, గా మిషన్ పారెయ్యకు" అన్నాడు. "నేనచ్చినంక నడిపిద్దాం. ఛుట్టీ ఒడువకుంట ఆపేటట్టు చెయ్యస్తదా?"

"చూస్త" అన్నాను, పెద్ద ఇంజనీరులాగా.

పండుగ వెళ్లాక వచ్చాడు. బడి డబ్బాలో దాచిన జమ్మి ఆకులు అప్పటికి ఎండి పొడి అయ్యాయి. ఆ పొడినే చేతిలో పెట్టి కాళ్లు మొక్కితే, రుమాలులో మూట కట్టుకున్నాడు. రోజూ పొద్దుగూకాక ఇద్దరం స్లాబు ఎక్కి, తీగను తిరగేసి కట్టి మిషన్ నడిపాం. ఛుట్టీ మాత్రం ఎప్పటిలాగే ఉరికిపోయింది. ఆ మూట బాపుతోపాటే దుబాయి వెళ్లింది.

బాపు దుబాయి మానేసి ఇంటికొచ్చి ఏళ్లయింది. నేను కరీంనగర్‌లో పిల్లలకు ఫిజిక్సు చెబుతున్నాను, వెలుతురు పాఠంతో సహా. (ఎవరైనా తిక్క ప్రశ్న అడిగితే లెక్కల సంగతి మాత్రం ఎత్తను.) డిష్షు గొడుగులో అవ్వ మిరపకాయలు ఎండబెడుతుంది. మూత ఇంకా దానికే ఉంది, అడగడానికి బాపమ్మ లేదు. ఆకుపచ్చ గడియారం ఇప్పటికీ గంటన్నర వెనకే. "నేను గీన్నే ఉన్న గదనే, ఇంకెవ్వల కోసం?" అని బాపు దాని కిందే కూర్చుని అడుగుతాడు. అవ్వ కొంగుతో దాని అద్దం తుడుస్తుంది.

మొన్న ఆదివారం ఇంటికి పోయి, సాయంత్రం బస్సుకు టైమైందని సంచి అందుకున్నాను. అవ్వ తలెత్తి ఆకుపచ్చ గడియారం వైపు చూపించింది.

"ఇంక గంటన్నర ఉన్నది. కూసో" అంది.

బాపు నా మొహం చూశాడు. నేను సంచి కింద పెట్టి కూర్చున్నాను. కాసేపటికి రోడ్డు మీద బస్సు హారను కొట్టుకుంటూ పోయింది. ముగ్గురమూ విననట్టే కూర్చున్నాం.