డెబ్బై పైసల వడ్డీ

లాల్‌దర్వాజాలో బాలనర్సింహ పాలకొట్టుకు బోర్డు లేదు. ఆ అవసరమూ రాలేదు. తెల్లవారి ఐదింటికి షట్టర్ లేస్తుంది, ఎనిమిదికల్లా పాలు అయిపోతాయి, ఆ తర్వాత పదింటిదాకా పెరుగు. ఉప్పుగూడ అవతల అద్దె కొట్టంలో నాలుగు బర్రెలున్నాయి. చాలని పాలు ఇంకో ఇద్దరి దగ్గర కొంటాడు. మూడు చాయ్ హోటళ్లకు రోజూ క్యాన్లు వేస్తాడు. చదువు ఏడో తరగతితో ఆగిపోయింది గానీ, లెక్కలో అతణ్ణి ఒక్క రూపాయి బోల్తా కొట్టించడం ఎవరివల్లా కాదని గల్లీలో పేరు.

అప్పంటే అతనికి తెలిసింది బర్రె అప్పే. తండ్రి కాలం నుంచీ అదే వాడుక. నూటికి నెలకు రెండు రూపాయలు, అవసరం ముదిరితే మూడు. బర్రె ఈనిందంటే పాలమీదే తీర్చేస్తారు. ఏడాది, మహా అయితే ఏడాదిన్నర. అంతకుమించి నడిచిన అప్పు ఆ ఇంట్లో లేదు.

పెళ్లయిన పద్దెనిమిదేళ్లలో బాలనర్సింహ, రాజమణి అయిదు అద్దె ఇళ్లు మారారు. మనుషులతో ఎవరికీ పేచీ లేదు. క్యాన్లతోనే పేచీ. కడిగిన నీళ్లు వాకిట్లోకి పారతాయి, వాసనకు ఈగలు వస్తాయి. చివరి ఇంటావిడ లలితమ్మ చాలా మంచిది. ఆ మంచితనంతోనే ఒకరోజు రాజమణి చేయి పట్టుకుని, "మీరు పోతరంటె నాకే బాధయితుంది గనీ, నా కోడలు ఊకుంటలేదమ్మా" అని చెప్పింది. ఆ రాత్రి రాజమణి అన్నం ముట్టలేదు. "ఇంకో ఇంటికి నేను రాను. వస్తె మన ఇంటికే వస్త" అంది.

అట్లా 2019 మార్చిలో ఉప్పుగూడలో అరవై గజాల ఇల్లు కొన్నారు. రెండు గదులు, వెనక రేకుల వంటిల్లు, క్యాన్లు కడగడానికి ఒక మూల. ధర ముప్పై లక్షలు. రాజమణి బంగారం, తండ్రి కొట్టం అమ్మితే వచ్చిన వాటా కలిపి పన్నెండు లక్షలు తేలింది. మిగతా పద్దెనిమిది ఇప్పించినవాడు శ్రవణ్‌కుమార్. కోఠిలోని ఒక ఇంటి రుణాల కంపెనీకి గిరాకీలను తెచ్చిపెట్టే ఏజెంటు.

"వడ్డీ ఎనిమిదిన్నర బాలన్నా" అన్నాడతను, కొట్టు ముందు స్టూలు మీద కూర్చుని.

"నెలకా?"

"సాలుకన్నా. లెక్క చూస్కో, నూటికి నెలకు డెబ్బై పైసలు పడ్తది. గంతే."

రెండు రూపాయల వడ్డీలు కట్టి కట్టి అరిగిపోయిన మనిషికి డెబ్బై పైసలంటే అప్పులా అనిపించలేదు, చుట్టం చేసే చేబదులులా అనిపించింది. అయినా లెక్క తెలిసినవాడు గనక ఆగి అడిగాడు. "కిస్తు ఎంత? ఎన్నేండ్లు?"

"పదిహేను వేల ఆరు నూర్ల ఇరవై ఒకటి. ఇరవై ఏండ్లు. కిస్తు మాత్రం మారదన్నా, నాది జిమ్మా."

బాలనర్సింహ పెరుగు లెక్క రాసే కాగితం మీద గుణించి చూసుకున్నాడు. రెండు వందల నలభై కిస్తులు. ముప్పై ఏడున్నర లక్షలు. తీసుకున్నదానికి రెండింతల పైచిలుకు. ఆ సంఖ్యను మింగడానికి అతనికి రెండు రోజులు పట్టింది. కిరాయికి పోసే తొమ్మిది వేలను అందులోంచి తీసి చూశాడు, ఇరవై ఏళ్లకు ఇంటి ధర ఎంతవుతుందో ఊహించి చూశాడు. అరవై ఏళ్లు వచ్చేసరికి తీరిపోతుంది, పరవాలేదనుకున్నాడు. ముప్పై ఆరు చోట్ల సంతకాలు పెట్టాడు. కాగితాలన్నీ ఇంగ్లిషులో ఉన్నాయి.

ఏడాది తిరిగేసరికి లాక్‌డౌన్ వచ్చింది. పాలు అమ్ముకోవద్దని ఎవరూ అనలేదు గానీ, చాయ్ హోటళ్లు మూతపడ్డాయి. శ్రవణ్‌కుమార్ ఫోన్ చేశాడు. "ఆర్నెల్లు కిస్తు కట్టకున్నా ఏం కాదంట అన్నా. ఫికర్ చెయ్యకు." బాలనర్సింహకు దేవుడు కనపడ్డట్టయింది. ఆ ఆరు కిస్తుల డబ్బుతో బర్రెలకు దాణా కొన్నాడు, ఒక్కదాన్నీ అమ్ముకోలేదు. ఆ తర్వాత మళ్లీ మొదలుపెట్టి ప్రతి నెలా ఐదో తారీకున కిస్తు తప్పకుండా కట్టాడు. శ్రవణ్‌కుమార్ ఆ పని మానేసి వేరే ఊరు వెళ్లిపోయాడు. ఆ మాట కూడా ఎవరో చెప్తేనే తెలిసింది. కంపెనీ నుంచి ఫోన్‌కు అప్పుడప్పుడూ ఇంగ్లిషులో మెసేజీలు వచ్చేవి. కిస్తు కోతపడింది అన్నది మాత్రం అంకెను బట్టి గుర్తుపట్టేవాడు. మిగతావాటిని పాల ఆర్డర్ల మధ్య చూసీ చూడనట్టు వదిలేసేవాడు.

ఆరేళ్లు గడిచాయి. 2025 మార్చిలో అతనికి చిట్టీ డబ్బు రెండు లక్షలు చేతికొచ్చింది. నలభై నెలలు కడుపు కట్టుకుని వేసిన చిట్టీ. అసలులోకి అది కట్టేద్దామని ముందునుంచీ అనుకున్నదే. ఆరేళ్లలో తన లెక్క ప్రకారం అప్పు పన్నెండు పదమూడు లక్షలకు దిగి ఉండాలి. ఇది కడితే పదికి వస్తుంది. ఆ మాటే రాజమణితో అని, ఇస్త్రీ చొక్కా వేసుకుని కోఠికి బయలుదేరాడు.

ఆఫీసులో కంప్యూటరు ముందు స్ఫూర్తి అనే అమ్మాయి ఉంది. తన కూతురు అమల కంటే నాలుగైదేళ్లు పెద్దదై ఉంటుంది. లోన్ నంబరు కొట్టి, తెర అతనివైపు తిప్పింది.

"అంకుల్, మీది ఇంకా పదిహేడు లక్షల నలభై నాలుగు వేల నాలుగు వందల ఎనభై ఆరు ఉంది."

"నాది గాదు బిడ్డా. ఇంకెవరిదో చూస్తున్నవు. బాలనర్సింహ, ఉప్పుగూడ."

"మీదే అంకుల్. అరవై ఆరు కిస్తులు కట్టిన్రు. పది లక్షల ముప్పై వేల తొమ్మిది వందలు చిల్లర."

అతను కుర్చీలో ముందుకు జరిగాడు. "పది లక్షలు కట్టిన. పద్దెనిమిదిల పది పోతె ఎనిమిదుండాలె. సరే, వడ్డీ అంటవు. వడ్డీ తీసినా ఇంతెట్ల ఉంటది?"

ఆ అమ్మాయి విసుక్కోలేదు. ఒక తెల్లకాగితం తీసుకుని రాయసాగింది. మొదటి కిస్తు పదిహేను వేల ఆరు వందల్లో పన్నెండు వేల ఏడు వందల యాభై వడ్డీకే పోయింది. అసలుకు పడ్డది రెండు వేల ఎనిమిది వందలు. ఏడాదంతా కట్టాక అసలు తగ్గింది ముప్పై ఆరు వేలు. తర్వాత లాక్‌డౌన్‌లో కట్టని ఆరు నెలలకూ వడ్డీ ఆగలేదు. డెబ్బై ఆరు వేలు అసల్లో కలిసింది. అప్పు పద్దెనిమిది లక్షల నలభై వేలైంది.

"ఏం కాదన్నరు గదమ్మా?"

"కట్టకుంటే జుర్మానా ఉండదన్నరు అంకుల్. వడ్డీ ఉండదనలేదు."

2022లో వడ్డీ రేట్లు పెరిగాయి. అతని ఎనిమిదిన్నర పదైంది. అప్పటికి మిగిలిన అసలు మీద వడ్డీయే నెలకు పద్నాలుగు వేల ఏడు వందల డెబ్బై ఆరు.

"నా కిస్తు మారలేదు గద" అన్నాడు బాలనర్సింహ. 

"కిస్తు మారలేదు అంకుల్. ఏండ్లు మారినయి. మీ కిస్తుల అసలుకు ఎనిమిది వందలే పడుతుండె. గందుకని సిస్టం దానంతటదే గడువు పెంచింది. మెసేజ్ వచ్చే ఉంటది."

"ఇంకెన్ని ఉన్నయి?"

స్ఫూర్తి ఒకసారి తెర చూసి, తర్వాత కాగితం మీద రాసి చూపింది. మూడు వందల ఇరవై ఒకటి. చివరి కిస్తు 2051 డిసెంబరు.

ముందు రెండు వందల నలభై ఉన్న లెక్క అరవై ఆరు కట్టాక మూడు వందల ఇరవై ఒకటి ఎలా అయిందో అతనికి ఇప్పుడు అర్థమైంది. అర్థమవడమే కష్టంగా ఉంది. మోసమైతే అరవొచ్చు, కాలర్ పట్టుకోవచ్చు. ఇక్కడ పట్టుకోవడానికి ఎవరూ లేరు. శ్రవణ్‌కుమార్ చెప్పిందీ అబద్ధం కాదు. కిస్తు ఒక్క రూపాయి మారలేదు. నెలకు డెబ్బై పైసలన్నది కూడా ఆనాటికి నిజమే. తానే నెలలు లెక్కపెట్టలేదు. మొత్తం అరవై లక్షల పైమాట. అప్పటికి తనకు డెబ్బై రెండేళ్లు.

"బిడ్డా, రెండు లక్షలు తెచ్చిన. ఇది కడ్తె ఏమైతది?"

ఆమె మళ్లీ లెక్క కొట్టింది. కొట్టి, మొదటిసారి ఆమె ముఖంలో కాస్త వెలుగు వచ్చింది. "ఇది కడితే మూడు వందల ఇరవై ఒకటి పోయి రెండు వందల తొమ్మిది అయితయంకుల్. తొమ్మిదేండ్ల పైనే తగ్గుతది. రెండు లక్షలకు పదిహేడున్నర లక్షలు మిగుల్తయి."

బాలనర్సింహ ఆ అంకెను తానే రెండుసార్లు గుణించి చూసుకున్నాడు. నిజమే. ఇంత లాభం ఏ బర్రె మీదా రాదు. డబ్బు సంచీలోంచి తీయబోతుంటే ఫోన్ మోగింది. అమల.

"బాపూ, కాలేజీల ఉన్న. సర్టిఫికెట్లు ఇస్తలేరు."

అమల బీఫార్మసీ పూర్తిచేసి ఎనిమిది నెలలైంది. జీడిమెట్లలోని ఒక మందుల కంపెనీ నెలకు పద్దెనిమిది వేలతో తీసుకుంటామంది. అసలు సర్టిఫికెట్లు నెలాఖరుకు చూపించాలి. నాలుగేళ్ల ఫీజు స్కాలర్‌షిప్పు కింద వస్తుందని చేర్చుకున్న కాలేజీ, ఆ పైసలు సర్కారు నుంచి తమకు రాలేదని సర్టిఫికెట్లు బిగబట్టింది. వచ్చినప్పుడు తిరిగి ఇస్తామంటున్నారు. ఎప్పుడొస్తాయో ఎవరూ చెప్పడం లేదు.

"ఎంతంటున్నరమ్మా?"

"లక్షా డెబ్బై రెండు వేలు. కట్టకుంటె ఇయ్యమంటున్నరు. బాపూ, ఇంకొన్ని దినాలు సూద్దామా? ఈ నౌకరి పోతె ఇంకోటి సూస్త."

ఆ చివరి మాటే అతన్ని కోసింది. ఎదురుగా కాగితం మీద రెండు వందల తొమ్మిది అని రాసి ఉంది. అతను కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. "ఆడనే ఉండు బిడ్డా. వస్తున్న" అన్నాడు.

లేచి నిలబడితే స్ఫూర్తి ఆపింది. "అంకుల్, ఒక్క ముచ్చట. ఇప్పుడు కొత్తోళ్లకు తొమ్మిదింబావుకు ఇస్తున్నరు. మీరు అర్జీ పెట్టి పది వేల మూడు వందలు కడితే మీకూ ఆ రేటే వేస్తరు. అరవై నాలుగు కిస్తులు తగ్గుతయి."

"ఇది నాకెందుకు చెప్పలేదమ్మా ఇన్ని దినాలు?"

"అడిగినోళ్లకే చేస్తరంకుల్." ఆ మాటకు తానే సిగ్గుపడ్డట్టు ఆమె తల దించుకుంది.

ఆ మధ్యాహ్నమే కాలేజీలో లక్షా డెబ్బై రెండు వేలు కట్టేశారు. రసీదు, సర్టిఫికెట్లు చేతికొచ్చాక అమల ఆటోలో తండ్రి భుజానికి ఆనుకుని కూర్చుంది. ఎక్కడి నుంచి వచ్చాడో, ఏ డబ్బు కట్టాడో ఆమెకు తెలుసు. 

సాయంత్రం రాజమణి అడిగింది. "అప్పు పదికొచ్చిందా?"

చెప్పకుండా దాటేద్దామనుకున్నాడు గానీ చెప్పకుండా ఉండలేకపోయాడు. కాగితం తీసి ముందర పెట్టి, మొదటినుంచీ చెప్పుకొచ్చాడు. పద్దెనిమిది లక్షలకు అరవై లక్షలన్నప్పుడు ఆమె నమ్మలేదు. 2051 అన్నప్పుడు నమ్మింది.

"అమ్మేద్దమా?" అంది.

ఆ ఆలోచన ఆటోలోనే అతనికి వచ్చిపోయింది. ముందర గల్లీ ఇరుకు, కార్ రాదు, ఇల్లు పాతది. ఇస్తే ముప్పై నాలుగు ఇస్తారు. అప్పు, ఖర్చులు పోను పదహారు మిగులుతుంది. దాంతో ఇంకో ఇల్లు రాదు. మళ్లీ కిరాయి. ఇప్పుడు ఈ సందుల్లోనే పన్నెండు వేలకు తక్కువ లేదు, క్యాన్లంటే అది కూడా ఇవ్వరు.

"అమ్మి యాడికి పోదమే?"

ఆమె కాగితాన్ని చేత్తో సాపు చేసి, "నేనే గద ఇంకో ఇంటికి రానన్న" అంది. "నేను గట్ల అనకపోతె..."

"నీ మాట కాదు రాజీ. అప్పు నేను జేసిన. లెక్కొస్తదని అనుకుంటుండె."

రెండు రోజులాగి, చిట్టీలో మిగిలిన ఇరవై ఎనిమిది వేలలోంచి పది వేల మూడు వందలు పట్టుకుపోయి అర్జీ పెట్టాడు. గడువు 2046 ఆగస్టుకు వచ్చింది. అప్పటికి తనకు అరవై ఏడు. మిగిలిన పదిహేడు వేల చిల్లర అసలులో కడతానన్నాడు. స్ఫూర్తి పక్కకు వెళ్లి ఎవరినో అడిగి వచ్చి, రెండు కిస్తులకు తక్కువ పైకం అసలులోకి తీసుకోరని చెప్పింది. రెండు కిస్తులంటే ముప్పై ఒక్క వేలు. అతను డబ్బు మళ్లీ సంచీలో పెట్టుకున్నాడు.

మే నెల నుంచి అమల ఉద్యోగానికి పోతోంది. మొదటి జీతంలో ఐదు వేలు తండ్రి చేతిలో పెట్టి, నెల నెలా ఇస్తాననీ, ముప్పై ఒకటి కాగానే వెళ్లి కడదామనీ చెప్పింది. అతను వద్దన్నాడు. "మీ కోసం కాదు బాపూ, ఇల్లు నాది గూడ" అంటే తీసుకుని ఇనప్పెట్టెలో ఆ పదిహేడు వేలతో కలిపి విడిగా పెట్టాడు. జూన్‌లో ఇంకో ఐదు వేలు చేరాయి. జులైలో బోనాల ముందు ఒక బర్రెకు పొదుగు వాపు వచ్చింది. డాక్టరుకు, మందులకు, ఆ పదీ పోయి పైన ఇంకో మూడు అయ్యాయి. బర్రె బతికింది గానీ పాలు సగానికి పడిపోయాయి. ఒక చాయ్ హోటల్ కూడా ప్యాకెట్ పాలకు మారింది.

ఆగస్టు ఐదున కిస్తు కోతపడ్డట్టు మెసేజ్ వచ్చింది. ఇప్పుడు ప్రతి మెసేజ్‌నూ అమలతో చదివిస్తాడు. పదిహేను వేల ఆరు వందల ఇరవై ఒకటి. ఆమె చదివాక, అందులో అసలుకు ఎంత పడిందో చెప్పమన్నాడు. రెండు వేల రెండు వందలని ఆమె లెక్క వేసి చెప్పింది. సరేనని తలూపి, పెరుగు గిన్నెల మీద గుడ్డ కప్పి, క్యాన్లు కడగడానికి వెనక్కి వెళ్లాడు.