వేరే గ్రహం నుంచి మా వదిన

మా వదిన పోయిన కబురు నాకు అందరితోపాటే తెలిసింది. జగ్గయ్యపేటలో మా వీధి బట్టల కొట్టు వారింట్లో పదిమందితో కలిసి సాయంత్రం టీవీ ముందు కూర్చుని ఉన్నాను. వార్తలు చదివే అమ్మాయి వదిన పేరు చెప్పి, "వైజ్ఞానిక ధారావాహికల ద్వారా ప్రేక్షకుల అభిమానం పొందిన నటి" అని ఒక్క వాక్యంలో ముగించి, పత్తి ధరలకు వెళ్లిపోయింది. టెలిగ్రాం మర్నాడు వచ్చింది. నాకు ఏడుపు ముంచుకొచ్చింది. అబద్ధం ఎందుకు, దాంతోపాటే అసూయా వచ్చింది. నేను పోతే మా వీధి చివరి ఇంటికి తెలియాలన్నా ఎవరో ఒకరు నడిచి వెళ్లి చెప్పాల్సిందే.

వదిన అంటే అన్న భార్య కాదు, మా మేనమామ కూతురు. నాకంటే కొంచెం పెద్దది. నందిగామలో వాళ్లు, పేటలో మేము. డెబ్భైలలో మావయ్య ఒక నాటక సమాజం నడిపేవాడు. మైలవరంలో పోటీలైనా, పెనుగంచిప్రోలు తిరునాళ్లలో ప్రదర్శనైనా హీరోయిన్ వేషం వదినదే. నాదేమో స్టేజీకి ఎడమ పక్కన తెర వెనక నిలబడి, మాట మర్చిపోయినవాళ్లకు మెల్లగా అందించే పని. నాటకమంతా నాకు కంఠతా వచ్చు. ఆవిడకు రెండు వాక్యాలు వరసగా గుర్తుండేవి కావు.

"మావయ్యా, మాటలన్నీ నాకొస్తే వేషం వదినకెందుకు?" అని ఒకసారి అడిగేశాను.

"దానికి మొహం ఉందే, నీకు బుర్ర ఉంది. రెండూ కలిస్తేనే మన నాటకం," అన్నాడు.

బుర్రకు ఎవరూ చప్పట్లు కొట్టరని ఆయనకు తెలియక కాదు.

వదిన ప్రదర్శనకు ముందు టీ సగం తాగి, మిగతా సగం నా చేతిలో పెట్టేది. నా చీరలు లాక్కునేది. "ఇటివ్వవే, నా ఒంటి మీద పడితేగాని దీనికి కళ రాదు," అనేది. కట్టుకుంటే నిజంగానే కళ వచ్చేది, అందుకే నాకు ఒళ్లు మండేది. తిరిగిచ్చేటప్పుడు మడతల్లో మూరెడు మల్లెపూలు పెట్టి ఇచ్చేది. కోపాన్ని కూడా నాకు మిగలనిచ్చేది కాదు. స్టేజీ ఎక్కబోతూ ఎవరైనా జాగ్రత్తలు చెబితే, "మర్చిపోతే ఏమైందీ, మరదలుందిగా!" అని నవ్వేసేది.

ఎనభైలలో ఆవిడకు హైదరాబాదు టీవీలో అవకాశం వచ్చింది. వేరే గ్రహం నుంచి దిగి, మన ఊళ్లో నర్సుగా చేరే ఆవిడ కథ. బయలుదేరే ముందు పేట వచ్చి నా వంటింట్లో పీట వేసుకు కూర్చుంది.

"నువ్వూ రావే. కెమెరాకు ఎడమ పక్కన నుంచో, చాలు. నీ గొంతు వినపడకపోతే నాకు నోరు పెగలదు."

"నా మొహం కనపడే పనైతే వస్తా. ఇంకా చాటునే నుంచోమంటే నే రాను," అన్నాను.

ఎంతో బతిమాలింది. నేను పప్పు ఎనుపుతూ తల ఎత్తలేదు. బస్సు టైమైందని లేచి వెళ్లిపోయింది.

మొదటి భాగం ఆ బట్టల కొట్టు వారింట్లోనే చూశాం. వెండి రంగు దుస్తులు, తల చుట్టూ చిన్న చిన్న బల్బుల పట్టీ. డాక్టరు ఏదో అడిగాడు. వదిన వెంటనే జవాబు చెప్పలేదు. తల కాస్త ఎడమకు వంచి, రెప్ప వేయకుండా, ఎక్కడి నుంచో ఏదో వినపడబోతున్నట్టు ఆగింది. ఆ తర్వాతే నోరు విప్పింది.

"చూశారాండీ! వాళ్ల గ్రహంతో మాట్లాడుతోంది," అన్నారు కొట్టు వారి అమ్మగారు.

అసలు సంగతి నాకు తెలుసు. ఆవిడ వింటున్నది ఏ గ్రహాన్నీ కాదు. ఇన్నేళ్లూ మాట ఎటు నుంచి అందిందో అటే చెవి పెట్టింది. అక్కడ నేను లేను. ఉండి ఉంటే మాట ఠక్కున అందేది, ఆవిడ గబగబా అప్పజెప్పేసేది, నెల తిరక్కుండా జనం ఆ సీరియల్‌ని మర్చిపోయేవాళ్లు. నేను వెళ్లకపోవడమే ఆవిడకు కలిసొచ్చింది.

ఆ ఆగడమే ఆవిడ వృత్తి అయింది. తర్వాత మరమనిషి, భవిష్యత్తు నుంచి వచ్చిన శాస్త్రవేత్త, చంద్రుడి మీద పుట్టిన ఆడపిల్ల. మా వదినకు మామూలు మనిషి వేషం ఇవ్వడమే అందరూ మానేశారు. నందిగామలో సన్మానం చేసినప్పుడు, "ఆ చూపు ఎక్కడ నేర్చుకున్నారండీ?" అని ఎవరో అడిగితే, "చుక్కల్ని చూసి," అంది. జనం చప్పట్లు కొట్టారు. సొమ్మొకడిది, సోకొకడిది అని నేను పైకే అన్నాను. పక్కావిడ నా వంక అదోలా చూసింది.

మొన్న వేసవిలో జబ్బుతో నందిగామ వచ్చేసింది. నేను వెళ్లి దగ్గరుండి చూసుకున్నాను. ఒకరోజు వారపత్రిక నుంచి ఒకాయన, ఫొటోగ్రాఫర్ని వెంటబెట్టుకుని వచ్చాడు.

చుక్కల్ని చూసి నేర్చుకున్న ఆ చూపు గురించి రాసుకుని, "ఈవిడెవరండీ?" అని నన్ను చూపించి అడిగాడు.

వదిన తల వంచి ఆగింది. "మా మరదలు," అని అలవాటు కొద్దీ గొణిగాను.

నేనందించిన మాటను ఆవిడ తీసుకోకపోవడం అదే మొదటిసారి.

"చుక్కలూ లేవు, ఏమీ లేవండీ," అంది. "నేను ఎదురుచూసింది దీని కోసం. రమ్మంటే రాలేదు. వట్టి కుళ్లుమోతుది."

"నీకు లేదేంటి కుళ్లు?" అన్నాను.

"ఎందుకు లేదూ? మాటలన్నీ నీకే వస్తాయిగా," అని పక్కకు జరిగి నా చెయ్యి లాగింది. "ఇటు వెలుతురులోకి రావే. ఇద్దర్నీ కలిపి తియ్యండి."

రేగిన జుట్టుతో, పసుపు అంటిన వేళ్లతో ఆవిడ భుజం మీద చెయ్యి వేసి నిలబడ్డాను. నా బతుకులో అంత సంతోషం ఎన్నడూ లేదు. ఆ తర్వాత కొద్ది రోజులకే ఆవిణ్ణి హైదరాబాదు ఆసుపత్రికి తీసుకెళ్లారు.

నిన్న ఆ పత్రిక వచ్చింది. చుక్కల మాటే మళ్లీ రాశారు. అరపేజీ ఫొటోలో వదిన ఒక్కతే ఉంది, నన్ను కత్తిరించేశారు. కానీ ఆవిడ భుజం మీద నా నాలుగు వేళ్లు మాత్రం మిగిలాయి. వాటిని తీసేయడం వాళ్లకు కుదరలేదు. వదిన తన చేత్తో వాటిని గట్టిగా పట్టుకుని ఉంది.