కత్తెర పెట్టాక లేవని మాస్టారు

మా వరసలో మూడో షాపు మాస్టారిది, నాలుగోది నాది. ఆయన కోట్లు కుట్టేవారు, నేను జిరాక్సులు తీస్తాను. ఇద్దరి షాపులకీ యజమాని ఒక్కడే. మాస్టారికీ అతనికీ తగవు మొదలయ్యాక రెండు పక్షాల కాగితాలూ నా దగ్గరే కాపీలయ్యాయి. అందుకని ఈ కేసు గురించి వకీళ్లకన్నా నాకే ఎక్కువ తెలుసు. గోడ మీద పిల్లి అంటారా, అనండి.

మాస్టారి పద్ధతి వీధి మొత్తానికీ తెలుసు. పొద్దున తొమ్మిది నుంచి ఒంటిగంట దాకా బట్ట కత్తిరించడం, ఆ తర్వాత కుట్టడం. కత్తిరించేటప్పుడు షట్టరు కిందికి దించేసేవారు. గాలికి బట్ట కదలకూడదు, ఊసుపోనివాళ్లు లోపలికి రాకూడదు. సుద్దగీత మీద కత్తెర పెట్టాక కన్నతండ్రి పిలిచినా పలికేవారు కాదు. కుర్రతనంలో ఒకసారి మధ్యలో లేచి వెళ్లొచ్చి, ఒక పెళ్లికొడుకు కోటుకి రెండూ ఎడమ చేతులే కత్తిరించారట. ఆ పెళ్లికొడుకు తిట్టిన తిట్లు ముప్ఫై ఏళ్ల తర్వాత కూడా ఆయనకి వరసగా గుర్తున్నాయి.

యజమానికి ఆ షాపును ఒక ఫోన్ల కంపెనీకి ఇవ్వాలని ఉంది. మాస్టారు ఖాళీ చేయనన్నారు. షాపు నెలల తరబడి మూసే ఉంటోందని, అందులో వ్యాపారమే లేదని యజమాని కోర్టుకెక్కాడు. నిజమేమిటో చూసి రాయమని కోర్టు ఒక వకీలును నియమించింది. ఫలానా వారంలో వస్తామని నోటీసు కూడా వచ్చింది.

"ఆ ఒక్క వారం పొద్దునపూట షట్టరు ఎత్తి ఉంచండి, మీకు పుణ్యముంటుంది" అని అక్క, అంటే మాస్టారి భార్య, నా ముందే బతిమాలింది.

"షాపు నడుస్తోందో లేదో చూడాలంటే మధ్యాహ్నం రమ్మను. ఎవరొద్దన్నారు?" అన్నారు మాస్టారు.

పట్టిన కుందేలుకి మూడే కాళ్లు.

యజమాని తెలివైనవాడు. ఆ వారంలో ఆ వకీలును రెండుసార్లు తీసుకొచ్చాడు, రెండుసార్లూ సరిగ్గా పొద్దున పదకొండు గంటలకే. వకీలు షట్టరు తట్టాడు, గట్టిగా పిలిచాడు, ఫొటోలు తీసుకున్నాడు. వీధిలో బళ్ల రొదకి అతనికేమీ వినిపించలేదు గానీ, లోపల బల్ల మీద కత్తెర నడుస్తున్న చప్పుడు నాకు వినిపిస్తూనే ఉంది.

"ఈయన అసలు షాపు తీస్తుంటాడా?" అని వకీలు నన్ను అడిగాడు.

వెనకే యజమాని నిలబడి ఉన్నాడు. నా అద్దె ఒప్పందం ఆ నెలాఖరుతో అయిపోతుంది.

"నా పనిలో నేనుంటానండీ, అంతగా గమనించను" అన్నాను.

కోర్టులో మాస్టారు నన్నే సాక్షిగా వేసుకున్నారు. కోట్లు కుట్టించుకున్నవాళ్లు ముగ్గురు వస్తామన్నారు గానీ, వాయిదాలు చూసి ఒక్కొక్కరే జారుకున్నారు. నా పరిస్థితి అడకత్తెరలో పోకచెక్క. బోనెక్కి మళ్లీ అదే మాట చెప్పాను, గమనించలేదని.

మాస్టారి వంతు వచ్చింది. "లోపలే ఉండి తలుపెందుకు తియ్యలేదు?" అని అవతలి వకీలు అడిగాడు.

"కత్తిరిస్తున్నానండీ" అన్నారు మాస్టారు.

వెనక బెంచీలవాళ్లు నవ్వారు. జడ్జిగారు నవ్వలేదు, రాసుకున్నారు. రెండు నెలల్లో షాపు ఖాళీ చేయాలని తీర్పు వచ్చింది. పై కోర్టుకు వెళదామని తన వకీలు అన్నా మాస్టారు వద్దన్నారు. కుట్టాల్సినవి ఇంకా పదకొండు కోట్లున్నాయి, అవి గడువులోగా పూర్తిచేసి ఎవరివి వాళ్లకి అప్పగించారు.

చివరి రోజు సామానంతా ఆటోలో ఎక్కించాక నా దగ్గరికి వచ్చారు. సిగ్గుతో నాకు తల ఎత్తడం కష్టమైంది. అయినా నోరు ఊరుకోదు కదా.

"మాస్టారూ, ఆ రోజు నాకు నిజంగానే ఏమీ వినపడలేదు" అన్నాను.

"మన మధ్య ఉన్నది ఒక్క ఇటుక మందం గోడ తమ్ముడూ. ఇన్నేళ్లూ నీ మిషన్లో కాగితం ఇరుక్కున్నా నాకు తెలిసేది" అన్నారు.

కోపంగా అనలేదు. అన్నా బాగుండేది. ఆటోలోంచి అక్క పిలిస్తే వెళ్లిపోయారు. నా ఒప్పందాన్ని యజమాని ఇంకో మూడేళ్లు పొడిగించాడు.