గొడుగు పట్టిన మనిషి

2012లో దుబాయ్‌లో నైఫ్ అనే పేటలో ఒక టైపింగ్ సెంటర్‌లో పనిచేసేదాన్ని. వీసా ఫారాలు అరబిక్‌లో నింపడం మా బతుకుతెరువు. తెలుగు టైపింగ్ వచ్చినదాన్ని నేనొక్కదాన్నే కాబట్టి పెళ్లిపత్రికలూ పుస్తకాలూ నా బల్ల మీదికే వచ్చేవి.

సూర్యనారాయణగారు ఒక కంపెనీలో ఫైనాన్స్ మేనేజరు, గోదావరి జిల్లా మనిషి. వాళ్ల తాతగారి జీవితచరిత్ర రాసి తెచ్చారు. ఆ తాతగారు తెల్లవాళ్ల కాలంలో పెద్ద భూస్వామి, జిల్లా బోర్డు మెంబరు, వాళ్లిచ్చిన బిరుదుతో రావు సాహెబ్. ఒకసారి ఎన్నికల్లో ఓడిపోతే కలెక్టరే నామినేట్ చేశాడట. ఆయన వేయించిన రోడ్డు సరిగ్గా ఆయన మామిడితోట దగ్గర ఆగింది. ఊరికి బడి కట్టించిందీ ఆయనే, అది కాదనలేం.

“ప్రజలు ఎన్నుకున్నారని రాశారు. అప్పట్లో పన్ను కట్టేవాళ్లకే కదా సార్ ఓటు?” అన్నాను.

“మీ పని టైపింగా, ఎడిటింగా?”

రెండూ అన్నాను. ఆ ఒక్క మాట ‘ఓటర్లు ఎన్నుకున్నారు’గా మారడానికి వారం పట్టింది. నన్ను చూసుకుని నేనే మురిసిపోయాను.

పుస్తకంలో ఉన్నది ఒకటే ఫొటో, బడి తెరిచిన రోజుది. పేజీలో పట్టకపోతే క్రాప్ చేశాను, అంటే అంచులు కోసి సరిపెట్టాను. ప్రూఫ్, అదే, అచ్చుకు ముందు సరిచూసుకునే కాపీ, ఆయన డ్రైవర్ అప్పారావు చేతికిచ్చి పంపాను. అతనిదీ అదే ఊరు. అసలు ఫొటో నాకు తెచ్చిచ్చిందీ అతనే.

మర్నాడు ఇద్దరూ వచ్చారు. ముందు మాట్లాడింది అప్పారావే.

“గొడుగుంది మేడమ్. పట్టుకున్నాయనేడండి?”

చూశాను. రావు సాహెబ్ గారి తల మీద గొడుగు, దాని కర్రకి ఒక పిడికిలి. మణికట్టు దగ్గర ఫొటో అయిపోయింది.

“ఆయన మా ముత్తాతండి. మాకున్న ఫొటో ఇదొక్కటే.” బడి కట్టిన చెక్క, అంటే ఆ పొలం ముక్క కూడా, అంతకుముందు తమవాళ్లు కౌలుకి దున్నిందేనని మెల్లగా చేర్చాడు.

సూర్యనారాయణగారు నవ్వేశారు. “కుర్చీల్లో ఉన్నవాళ్ల పేర్లే వేస్తారోయ్. నిలబడ్డవాళ్లందర్నీ వేస్తే అది ఓటరు లిస్టవుతుంది.”

“మీ తాతగారి ఓటరు లిస్టులో వీళ్లు లేరుగా సార్. ఇక్కడైనా ఉండనివ్వండి,” అన్నాను.

ఆయన ప్రూఫ్ దగ్గరికి లాక్కుని ఆ పిడికిలి మీద వేలు పెట్టారు. తర్వాత, తొమ్మిదేళ్లుగా తన కారు నడుపుతున్న మనిషి వైపు తిరిగి అడిగారు. “మీ ముత్తాత పేరేంటి, అప్పారావూ?”

“పోలయ్యండి,” అన్నాడు. అడక్కుండానే ఇంటిపేరు కూడా చెప్పాడు.

కౌలు చెక్క సంగతి మాత్రం సూర్యనారాయణగారు రాయనివ్వలేదు. నేను వాదించాను. “ఖలాస్, ఇంక చాలమ్మా,” అన్నారు. అక్కడ ఓడిపోయాను.

ఫొటోని పేజీకి అడ్డంగా తిప్పి, మొత్తం వేశాను. కింద చివరి పేరు పోలయ్యది. అప్పారావు పుస్తకం అడగలేదు. ఇంటికి పంపడానికి ఆ ఒక్క పేజీ ప్రింట్ తీసిమ్మన్నాడు.

ఆ పుస్తకంలో ప్రతి వాక్యంతోనూ పోట్లాడినదాన్ని, ఫొటో కోసేటప్పుడు మాత్రం ఒక్క ప్రశ్న వేసుకోలేదు. పోలయ్యని తీసేసింది రావు సాహెబూ కాదు, ఆయన మనవడూ కాదు, నేను. అప్పట్నుంచి ఏ ఫొటో వచ్చినా అంచున నిలబడ్డది ఎవరని ముందు అడుగుతాను. తెలీదంటే కొయ్యను.