తువ్వాలు కింది బేరం

నా బామ్మర్ది కుడిచెయ్యి కొయ్యమొద్దు మీద ఉంది. ఇద్దరు మనుషులు దాన్ని మణికట్టు దగ్గరా మోచేతి దగ్గరా అదిమి పట్టుకున్నారు. మూడోవాడి చేతిలో బాడిస. కొయ్యబొమ్మలు చెక్కే ఆ పనిముట్టును అరగంట ముందు నేనే చేతిలోకి తీసుకుని, అంచును బొటనవేలితో తడిమి, "బాగా పదునుండాదే" అని మెచ్చుకున్నాను. సరుకును మెచ్చుకుంటే ధర పెరుగుతుందని పాలు తాగే వయసులోనే తెలిసినవాణ్ణి. ఆ రోజు ఎందుకో నోరు జారింది.

నా బామ్మర్ది వేలూరులో ఒక టైలరు షాపులో కటింగ్ మాస్టరు. అక్కడ కుట్టేవాళ్ళు పదిమంది ఉన్నా కత్తెర పట్టేవాడు వీడొక్కడే. ఆ చెయ్యి పోతే వీడూ వీడి పెళ్ళాం పిల్లలూ రోడ్డున పడతారు. ముందురోజు అలిపిరి నుంచి నడిచి కొండెక్కి, గుండు చేయించుకుని దిగాడు. పొద్దున్నే, "ఇంట్లో ఏం తోస్తాది బావా, యాడికన్నా పోదాం పా" అన్నాడు. మా ఆవిడ వాడికి ఇడ్లీ వడ్డిస్తూ నాతో చెప్పింది: "నా తమ్ముణ్ణి ఎట్ల ఎత్తకపోతావో అట్లే తెచ్చి అప్పజెప్పాల." సరుకు తీసుకునేటప్పుడు ఎలా ఉందో చూసుకోవడం నాకు అలవాటు. అందుకని వాణ్ణి ఒకసారి పైనుంచి కిందికి చూసుకున్నాను. గుండు మీద గంధం, రెండు చేతులు, రెండు కాళ్ళు. అన్నీ సక్రమంగానే ఉన్నాయి.

మా నాయనది తిరుపతిలో ఇత్తడి పాత్రల అంగడి. చుట్టుపక్కలవన్నీ మా పెదనాన్నల, మేనమామల అంగళ్ళే. అమ్మేవాడి మాట చెవిన వేసుకోకుండా సరుకునే తట్టి, గీకి, కొరికి చూడడం మా ఇళ్ళలో పిల్లలకు అక్షరాల కంటే ముందే వస్తుంది. నా పెళ్ళిచూపుల్లో కూడా కాఫీ ఇచ్చిన గ్లాసును గోటితో మీటి, మోత విన్నానని మా ఆవిడ ఇప్పటికీ పదిమందిలో చెబుతుంది.

ఆ రోజు బామ్మర్ది కారు నడపగా మొదట నారాయణవనం వెళ్ళాం. ఒక నేత ఇంట్లో మగ్గం చెవులు పగిలేలా కొట్టుకుంటోంది. నేసే ఆమె పట్టుచీర చూపించింది. నేను కొంగు చివర ఒక పోగు లాగి అగ్గిపుల్లతో కాల్చాను. అసలైన పట్టయితే వెంట్రుక కాలిన వాసన వస్తుంది.

ఆమె మగ్గం గుంటలోంచి లేచి నిలబడింది. చేతిలో అడ్డపోగును అటూ ఇటూ తోలే నాడె ఉంది, రెండు కొసలా ఇనుప మొన ఉన్నది. "ఇంగొక పోగు పీకినావంటే దీంతో పండ్లు రాలగొడతా. నేసేది నేనా, కాల్చేది నువ్వా?"

"కోపమెందుకమ్మా, సూసి తీసుకుంటే నీకే మంచి పేరు గదా."

"నా పేరు నీ అగ్గిపెట్టెలో ఉండాదా?"

వాసన వచ్చింది, వెంట్రుక వాసనే. చీర కొననని నేను ఇంటి దగ్గరే నిశ్చయించుకున్నాను. ఊరికే లేచిపోతే నాడె నిజంగానే విసురుతుందేమోనని ఒక ఎర్ర అంచు తువ్వాలు కొన్నాను. దానికి కూడా బేరమాడాను. ఆమె తువ్వాలును మడిచి ఇవ్వలేదు, నా ముఖాన కొట్టింది.

కారెక్కాక బామ్మర్ది నా వంక గురువును చూసినట్టు చూశాడు. "బావా, నీ మాదిరి గడుసోణ్ణి నేను సూళ్ళా. అడిగేది లేదు, కాల్చి సూసేదే."

నాకు కడుపు నిండిపోయింది.

కార్వేటినగరం దాటాక దారి కొండల్లోకి మలుపు తిరుగుతుంది. రెండు వానలు పడి ఉన్నాయేమో, రెండు వైపులా పచ్చగా ఉంది. ఒక మలుపులో ఎర్రగుడ్డ పట్టుకున్న మనిషి మమ్మల్ని ఆపాడు. అవతల క్వారీలో మందు పెట్టారట. మేము కారు దిగి కొండను ఫోన్లో ఫోటో తీస్తుండగానే దాని పొట్ట పగిలింది. నేల అదిరింది. పిట్టలన్నీ ఒక్కసారిగా లేచి, దిక్కు తెలియక ఒకదానికొకటి తగిలాయి. పిడికిలంత రాయి ఎగిరి వచ్చి మా కారు అద్దం మీద పడింది. ఆ రోజు మొదటి దెబ్బ తిన్నది ఆ కారే.

"మీ అదృష్టం, తలకాయ మీద పళ్ళేదు" అన్నాడు ఎర్రగుడ్డ మనిషి, మేమేదో అతనికి బాకీ ఉన్నట్టు.

అద్దంలో సాలెగూడు లాంటి చీలికలోంచి దారి చూసుకుంటూ కొయ్యబొమ్మలు చెక్కే ఊరు చేరాం. నాలుగైదు ఇళ్ళ ముందు రేకుల షెడ్లు, షెడ్ల నిండా చెక్కపొట్టు. చెక్కే ఆయన మంచి మాటకారి. పనిముట్లు చూపించాడు, గుర్రాలు చూపించాడు, ఏనుగులు చూపించాడు. షెడ్డు చివర గోడ పక్కన నడుమెత్తు బొమ్మ ఒకటి పసుపు గుడ్డ కప్పుకుని నిలబడి ఉంది. దాని ముందు కోడిని కోసిన రక్తం ఇంకా పూర్తిగా ఎండలేదు.

"అది గంగమ్మ తల్లి. పై ఊరోళ్ళది" అన్నాడాయన. "తెల్లారగట్ట కండ్లు తెరిపించినా. ఇంగ గుడ్డ తీసేది వాళ్ళ ఊర్లోనే. ఆడికి పోయేదాకా ఎవురూ తాకరాదు. మోసుకోని పోయేదానికి మనుషులు కూడా వచ్చేసినారు."

వాళ్ళను వచ్చేటప్పుడే చూశాం. చింతచెట్టు కింద పసుపు పంచెలతో పదిహేనుమంది దాకా కూర్చుని ఉన్నారు. ఒక్కపొద్దు ఉన్నారట, మంచినీళ్ళు కూడా ముట్టలేదట. మేము పలకరిస్తే ఒక్కరూ నవ్వలేదు, ఒక ముసలాయన మాత్రం పక్కవాడికి ఎడ్ల సంత బేరాల గురించి చెబుతున్నాడు.

నేను బయట ఒక కొయ్య గుర్రాన్ని తిప్పి తిప్పి చూస్తున్నాను, దాని కాళ్ళలో లోపం దొరక్కపోతుందా అని. నా బామ్మర్ది పక్కన లేడని తోచలేదు. లోపల పసుపు గుడ్డ కింది అంచు ఎత్తి, అది ఎర్రచందనమో రంగేసిన మామూలు కొయ్యో తేల్చడానికి వాడు కారు తాళంచెవితో గీకుతున్నాడు. బావ దగ్గర నేర్చిన విద్య మరి.

చెక్కే ఆయన వేసిన కేక ఇప్పటికీ నా చెవిలో ఉంది. అది మనిషి కేకలా లేదు.

చింతచెట్టు కిందివాళ్ళు ఎలా వచ్చారో నేను చూడలేదు. మొదటి దెబ్బకు వాడి గుండు వెళ్ళి షెడ్డు స్తంభానికి తగిలింది. నున్నటి తల మీద రక్తం ఆగదు, వెంట్రుకలు లేవు కదా, గంధంతో కలిసి తిన్నగా కళ్ళలోకి దిగింది. కింద పడ్డవాణ్ణి కాళ్ళతో తన్నారు. పక్కటెముకల మీద, వీపు మీద, పొట్ట మీద. తడి బట్టలు బండకేసి బాదిన చప్పుడు. నేను అడ్డం వెళితే ఒకడు నా నడుం మీద తన్నాడు. పొద్దున తిన్న ఇడ్లీలు చెక్కపొట్టులో కక్కుకున్నాను. పోలీసులకు చేద్దామని ఫోను తీస్తే, అది నా చేతిలోంచి సానరాయి మీదికీ అక్కడి నుంచి ముక్కల్లోకీ వెళ్ళింది.

"తాళంచెవి పట్టిన చెయ్యి ఏదిరా?" అన్నాడు వాళ్ళలో వయసులో ఉన్నవాడు. తల్లిని తల మీద మోస్తానని మొక్కుకున్నవాడు వాడేనట. మొక్కు చెడిందన్న కోపంతో ముఖం నల్లబడిపోయి ఉంది. "ఆ చెయ్యి ఈడ్నే ఉండిపోవల్ల."

అలా వచ్చింది ఆ చెయ్యి మొద్దు మీదికి, బాడిస వాడి చేతిలోకి.

"బావా" అన్నాడు బామ్మర్ది. అంతే అన్నాడు. నోట్లో పన్ను ఊగుతోంది.

అప్పుడు చూశాను వాళ్ళ పెద్దను. మనిషి ఎముకల గూడు. చంకలో చెర్నాకోల, చెవిలో బీడీ. ఇందాక చెట్టు కింద ఎడ్ల సంత గురించి మాట్లాడింది ఈయనే. పలమనేరు సంతలో ఎద్దుల బేరాలు కుదిర్చే దళారి. ఆయన వంగి, గుడ్డ అంచు ఎత్తి, గాటును వేలితో తడిమి చూస్తున్నాడు. నా ప్రాణమంతా ఆ వేలి మీదే ఉంది. బొమ్మకు గాటు పడితే అది భిన్నమైనట్టే, పూజకు పనికిరాదు.

ఆయన లేచాడు. "గాటు పీటకు పడింది, తల్లికి పళ్ళేదు. తల్లికి పడుంటే తలకాయ తీసుండేవాళ్ళం. పీట గాబట్టి చెయ్యి."

అందులో నాకు సందు దొరికింది. ధర ఒకసారి దిగిందంటే ఇంకా దిగుతుంది.

"పెద్దాయనా, నువ్వు సంతలో బేరాలు కుదిర్చేవాడివి, నేను అంగట్లో బేరాలాడేవాణ్ణి" అన్నాను. "చెయ్యి నరికితే రేపు పోలీసోళ్ళు వస్తారు, తల్లిని కూడా జీపులో ఎత్తకపోతారు. మీ జాతర ఆగిపోతాది. నరికేది వద్దు. దెబ్బల్లో మాట్లాడుకుందాం."

"దెబ్బలా?" అన్నాడు బాడిస పట్టినవాడు. "తాతా, వాని మాటలు ఇనొద్దు. వాడు అంగిడోడు."

"అంగిడోడే లేరా. సరుకేందో తెలిసినోడు" అని ముసలాయన మొద్దు పక్కనున్న బరువైన కొయ్యసుత్తిని చూపించాడు. "దాంతో. చెయ్యి మొద్దు మీద పెట్టి. ఎన్ని?"

ఒక్క దెబ్బకే ఎముక విరుగుతుంది. అందరి ముందూ నోటితో అంకె చెబితే, ఆ పదిహేనుమందీ దాన్ని దిగనివ్వరు. ఎవరి మాటా నెగ్గాలి, ఎవరి ముఖమూ పోకూడదు. ఆ పని కోసమే సంతల్లో తువ్వాలు ఉంది. పైన గుడ్డ కప్పి, కింద ఒకరి వేళ్ళు ఒకరు పట్టుకుంటారు. పట్టుకున్న వేళ్ళెన్నో అంకె అంతే. చూసేవాళ్ళకు గుడ్డ కదలడం తప్ప ఏమీ తెలియదు. నేను మెడలోని ఎర్ర అంచు తువ్వాలు తీసి నా కుడిచేతి మీద వేసుకుని ముందుకు చాపాను.

ముసలాయన దానివైపు ఒక క్షణం చూసి, "నారాయణవనందా?" అన్నాడు. "కొత్తదే." చెయ్యి లోపలికి పెట్టాడు.

నా వేళ్ళు ఐదూ కలిపి పట్టుకున్నాడు. అయిదు.

నేను చెయ్యి గుంజుకుని, చూపుడువేలు ఒక్కటి అందించాను. ఆయన నవ్వకుండా నాలుగు పట్టుకున్నాడు. చేతులు రెండూ చెమటతో జారుతున్నాయి. తువ్వాలు కింద ఏదో జంతువు కొట్టుకుంటున్నట్టుంది. బామ్మర్ది నెత్తురు కంట్లోంచి ఆ గుడ్డనే చూస్తున్నాడు. నేను మళ్ళీ ఒకటి. ఆయన మూడు, నా వేళ్ళు విరిగేట్టు. నేను తువ్వాలు లాగి మడిచేశాను, బేరం వద్దు పో అన్నట్టు. ఇత్తడి అంగడిలో వెయ్యిసార్లు వేసిన ఎత్తు.

"రాప్పా, రా. అట్ల పోతే ఎట్ల" అన్నాడు ముసలాయన. తువ్వాలు మళ్ళీ పరిచాక వేళ్ళు పట్టుకున్నాడు.

రెండు. ఇంక కదల్లేదు. నేను ఆయన చెవి దగ్గరికి వంగి చెప్పాను: "వాడు గుడ్డ కత్తిరించి పిల్లలకు కూడు పెడతా ఉండాడు. ఒక్క దెబ్బే, అదీ ఎడమచేతికి. కుడిచెయ్యి వదిలిపెట్టు."

ఆయన చాలాసేపు నా ముఖంలోకి చూశాడు. ఎద్దు పళ్ళు చూసే చూపు. తర్వాత నా చూపుడువేలు ఒక్కటే పట్టుకుని ఊపాడు.

"కుదిరింది" అని వాళ్ళ వైపు తిరిగాడు. "ఎంతకని అడగొద్దు. కుదిరింది, అంతే."

కుడిచెయ్యి మొద్దు మీద నుంచి లేచింది. ఎడమచెయ్యి వచ్చింది. బాడిస పట్టినవాడు దాన్ని విసిరికొట్టి సుత్తి తీసుకున్నాడు. తక్కువకు అమ్మాల్సి వచ్చిన కోపమంతా ఆ ఒక్క దెబ్బలో పెట్టాడు. ఎండు చెరుకు విరిగినట్టు వినిపించింది. బామ్మర్ది అరవడానికి నోరు తెరిచాడు కానీ గాలే వచ్చింది.

అంత నొప్పి చూస్తూ కూడా నేను లోపల లెక్క వేసుకుంటున్నాను: తల నుంచి చెయ్యి, అయిదు నుంచి ఒకటి, కుడి నుంచి ఎడమ. మా నాయన ఉంటే వీపు తట్టేవాడు.

అప్పుడు గమనించాను. తువ్వాలు కింద నా చెయ్యిని ముసలాయన ఇంకా వదల్లేదు.

"ఇంగేముండాది పెద్దాయనా?"

"దలాలీ" అన్నాడు. "బేరం కుదిర్చినోళ్ళకు దలాలీ ఉంటాది గదప్పా. నువ్వు అంగిడోడివి, నీకు తెలీదా?"

"కుదిర్చింది నువ్వూ నేనూ. మరి నీ వంతు?"

"నా మనవడు కొట్టింది నా వంతు. ఇంగ నీ వంతు." నా చేతిని తువ్వాలుతో సహా మొద్దు మీద పెట్టాడు. "గుడ్డ తీయొద్దులే. కొత్తది, మెత్తగుంటాది."

"ఎడమచెయ్యి" అన్నాను. చివరి బేరం.

"నువ్వు గుడ్డలు కత్తిరిస్తావా?"

సుత్తి దిగింది.

మమ్మల్ని వాళ్ళే కారు దాకా తీసుకువచ్చారు. ముసలాయన గాటు మీద పసుపు మెత్తి, చెంపలేసుకుని, తల్లిని మనవడి తల మీదికెత్తించాడు. డప్పులు మొదలయ్యాయి. చెక్కే ఆయన కారు కిటికీ దగ్గరికి వచ్చి అన్నాడు: "అడిగుంటే నేనే చెప్పుండేవాణ్ణి గదప్పా. అది వేప."

బామ్మర్ది కుడిచేత్తో స్టీరింగు పట్టాడు. గేరు మార్చాల్సినప్పుడల్లా, "ఊ" అనేవాడు, పక్కసీట్లోంచి నేను ఎడమచెయ్యి అడ్డంగా చాపి మార్చేవాణ్ణి. పగిలిన అద్దంలో కొండలన్నీ ముక్కలై వస్తున్నాయి. అలా పుత్తూరు చేరాం. ఎముకలకు కట్టు కట్టించుకోవడానికి ఎక్కడెక్కడివాళ్ళో వచ్చే ఊరు. మాకు దారిలోనే తగిలింది, ఆ రోజు మాకు కలిసొచ్చింది అదొక్కటే. కట్టు కట్టే ఆయన మా ఇద్దరి చేతులనూ పక్కపక్కన పెట్టి చూసి, "ఒగనికి ఎడమ, ఒగనికి కుడి. మీలో మీరే కొట్టుకున్నారా?" అన్నాడు. ఎముక లాగి సరిచేసేటప్పుడు నేను వేసిన కేకకు బయట కోళ్ళు చెదిరిపోయాయి. బామ్మర్ది తన వంతు వచ్చినప్పుడు పళ్ళు బిగించి కూర్చున్నాడు, ఊగే పన్నుతో సహా.

ఇంటి గుమ్మంలో మా ఆవిడ తమ్ముణ్ణి పైనుంచి కిందికి చూసింది. గుండు మీద గుడ్డకట్టు. ఎడమచేతికి వెదురుబద్దలు.

"ఎట్ల ఎత్తకపొయినావో అట్లే తెమ్మని గదా చెప్పినా."

"కుడిచెయ్యి సూడవే" అన్నాను. "దానికేమీ కాలేదు."

మర్నాడు పొద్దున నా చొక్కా చెయ్యి కట్టు మీద నుంచి ఎక్కలేదు. బామ్మర్ది కుట్టుమిషను డ్రాయరులోంచి కత్తెర తెచ్చి నా ముందు కూర్చున్నాడు. గుడ్డ పట్టుకోవడానికి రెండో చెయ్యి లేదు. అందుకని నా చొక్కా అంచును పళ్ళతో పట్టుకుని, కుడిచేత్తో భుజం దాకా కత్తిరించుకుంటూ వచ్చాడు. ఎక్కడా ఆగలేదు. వంకర లేదు. అది నేను ఇంకా రెండేళ్ళు వేసుకుందామనుకున్న మంచి చొక్కా. కత్తెరకు అందేలా భుజం కాస్త ముందుకు వంచాను.